తవ్వే ముందు అడగాలన్న నిబంధన ఎవరి కోసం?

సంపాదకులకు నమస్కారం.

రోడ్డు విస్తరణ పనుల్లో కేబుళ్లు తెగిపోయిన వార్త గతవారం మీ పత్రికలో చదివాను. ప్రమాదవశాత్తు జరిగిందని అందులో రాశారు. అప్పటి నుంచి ఈ ఉత్తరం రాయాలనే అనుకుంటున్నాను. అది ప్రమాదం కాదండీ. కింద ఏముందో అడగకుండా తవ్వారు, అందుకే తెగాయి.

అడగడానికి దారి లేదా అంటే, ఉంది. టెలికాం లైన్లు దెబ్బతినే అవకాశం ఉన్న చోట తవ్వే ముందు ఉమ్మడి పోర్టల్‌లో తెలియజేయాలని కేంద్రం 2023 జనవరిలోనే నిబంధనలు తెచ్చింది. ఆ మార్చిలో ‘కాల్ బిఫోర్ యు డిగ్’ యాప్‌ను ప్రధానమంత్రి ప్రారంభించారు. ఎక్కడ, ఎప్పుడు తవ్వుతున్నారో అందులో నమోదు చేస్తే ఆ దారిలో లైన్లు ఉన్న సంస్థలకు కబురు వెళ్తుంది. ఇలాంటి తవ్వకాల వల్ల ఏటా దాదాపు 3,000 కోట్ల రూపాయలు నష్టపోతున్నామని చెప్పింది కూడా ప్రభుత్వమే. అలాంటప్పుడు ప్రభుత్వ రోడ్డు పనిలోనే ఆ నిబంధన ఎందుకు అమలు కాదు?

పని జరుగుతుంటే నేను దగ్గర నిలబడి చూశాను. జేసీబీ బకెట్‌లో మట్టితోపాటు ఎర్ర ప్లాస్టిక్ టేపు పైకొచ్చింది, వెనకాలే ఇటుకలు వచ్చాయి. కింద కరెంటు కేబుల్ ఉంది, ఆగండి అని చెప్పడానికే ఆ టేపు, ఆ ఇటుకలు పరుస్తారు. ఆపరేటర్ వాటిని మట్టికుప్ప మీద పడేసి మళ్లీ బకెట్ దించాడు. అతణ్ని అని లాభం లేదు. ఆపమని చెప్పాల్సిన సూపర్‌వైజర్ అక్కడ లేడు. మీటర్ల లెక్కన కూలి ఇచ్చే సబ్ కాంట్రాక్టర్ దగ్గర పని ఆపితే నష్టం ఆ ఆపరేటర్‌కే.

లోతుగానే ఉంటాయిలే అన్న ధీమా ఇంకొకటి. 11 కేవీ కేబుల్‌కు 90 సెంటీమీటర్ల లోతు ఉండాలని కరెంటు కేబుళ్లు వేయడానికి ఉన్న భారతీయ ప్రమాణం ఐఎస్ 1255 చెబుతుంది. విస్తరణ అంటే పని జరిగేది రోడ్డు అంచునే, కేబుళ్లు ఉండేదీ అక్కడే. కంకర పొరల కోసం అర మీటరు మట్టి తీసేస్తే కేబుల్ మీద మిగిలేది 40 సెంటీమీటర్లు. దాని మీద వైబ్రేషన్ రోలర్ తిప్పుతారు.

తెగిన కేబుల్ కనీసం అప్పటికప్పుడు తెలుస్తుంది. నాకు ఎక్కువ భయం గీరుకుపోయిన కేబుల్ గురించే. బకెట్ పళ్లు తగిలి పైపొర చిట్లుతుంది. బిల్లులో కోత పడుతుందని ఎవరూ చెప్పరు, మట్టి కప్పేస్తారు. లోపలికి తేమ దిగి, ఎప్పుడో వానాకాలంలో కేబుల్ పేలుతుంది. అప్పుడు కొత్త రోడ్డును మళ్లీ తవ్వుతారు. తాగునీటి పైపుదీ ఇదే కథ. పగులు పక్కన మురుగు ఉంటే, సరఫరా ఆగి ఒత్తిడి తగ్గిన వేళ అది పైపులోకి చేరుతుంది. రోగాలు వచ్చాక క్లోరిన్ బిళ్లలు పంచుతారు.

ఏ శాఖ దగ్గరా సరైన మ్యాప్ లేకపోవడం మరో దౌర్భాగ్యం. లైన్ ఎటు వెళ్లిందో పాత లైన్‌మన్‌కు తెలుసు, ఆయన రిటైర్ అయితే ఆ సమాచారం ఆయనతోపాటే వెళ్లిపోతుంది. వేసిన రోజునే కొలతలతో డ్రాయింగ్ తీసి భద్రపరచడం అంత కష్టమా? ఒక శాఖ రోడ్డేస్తుంది, నెల తిరక్కుండా ఇంకో శాఖ తవ్వుతుంది. ఫిర్యాదు చేస్తే మా పరిధి కాదంటారు. జీతాలు అందరికీ ఒకే ప్రజల డబ్బులోంచి వస్తున్నప్పుడు ఈ పరిధుల గొడవ జనానికెందుకు?

నేను అడిగేది పెద్ద పనేమీ కాదు. భూమిలోని కేబుల్‌ను పైనుంచే పసిగట్టే లొకేటర్ పరికరంతో కేబుల్ దారి పట్టి సున్నంతో గీత గీయండి. అనుమానం ఉన్న చోట మెషీన్ దించకుండా మనుషులతో చిన్న గుంత తవ్వించి, లోతు కొలిచి, ఫొటో తీయండి. ఈ పని ఖర్చు ఎస్టిమేట్‌లోనే విడిగా చూపండి, లేకపోతే కాంట్రాక్టర్ ఎగ్గొడతాడు. ఆ ఫొటోలు, పోర్టల్‌లో ఇచ్చిన నోటీసు జతచేయని బిల్లు పాస్ చేయకండి. గీరుకున్న కేబుల్ గురించి వెంటనే చెప్పినవాడికి కోత వేయకండి, దాచినవాడికి వేయండి.

ఆ రోడ్డుకు రెండో వైపు పని ఇంకా మొదలుకాలేదు. ఆ వైపు నోటీసు ఇచ్చారో లేదో, ఏ తేదీన ఇచ్చారో అధికారులు మీ పత్రిక ద్వారానే చెప్పాలని కోరుతున్నాను.

ఇట్లు,
ఒక పాఠకుడు