మన సంఘం వార్షిక నివేదిక: బొమ్మల్లో దూదేకుల చరిత్ర

సభ్యులందరికీ సలాం, నమస్కారం.

ఈ ఏడాది పనుల్లో ఎక్కువ చోటు ఒక్కదానికే ఇస్తున్నాం. మన బిడ్డ, చిత్రకారిణి, ఊరూరా తిరిగి దూదేకుల, అంటే దూది ఏకడమే కులవృత్తిగా బతికిన మన తెలుగు ముస్లింల జీవితాన్ని బొమ్మలుగా గీస్తోంది, పెద్దల మాటలు రికార్డు చేస్తోంది. రంగులు, కాగితం, బస్సు చార్జీలు సంఘమే భరించింది. ఇది చాలా ఏళ్ల క్రితమే మొదలవ్వాల్సిన పని.

మొదట వృత్తినే తీసుకుంది. వేలాడదీసిన విల్లు, నారి మీద కొయ్య గూటంతో కొట్టే దెబ్బ, పొరలుగా విడిపోయే దూది, కొట్టేవాళ్ల కనుబొమల మీద పేరుకున్న నూగు. మిషన్లొచ్చాక, ఆ తర్వాత ఫోమ్ పరుపులొచ్చాక ఈ పని చేసేవాళ్లు తగ్గిపోయారు. విల్లు పట్టడం తెలిసిన పెద్దల దగ్గర కూర్చుని, దెబ్బ ఎక్కడ పడాలో అడిగి మరీ గీసింది. నూగు పీల్చి దగ్గుతో మంచం పట్టినవాళ్లనూ వదల్లేదు.

తర్వాత నాదస్వరం. ప్రకాశం జిల్లా కరవదిలో 1924లో పుట్టిన షేక్ చినమౌలానా గారు శ్రీరంగంలో స్థిరపడి, 1977లో పద్మశ్రీ, 1998లో సంగీత కళానిధి అందుకున్నారు. ఐదు పూటలా నమాజు చేసే ఇళ్ల నుంచి గుళ్లకు మేళం వెళ్లిన చరిత్ర మనది. వీరబ్రహ్మంగారి శిష్యుడు, ముడుమాల దూదేకుల సిద్ధయ్య బొమ్మ కూడా ఈ వరుసలోనే ఉంది.

పీర్ల పండుగ బొమ్మల దగ్గర కమిటీలో గట్టి వాదనే జరిగింది. నిప్పుల గుండం, పీర్లకు మొక్కే హిందూ ఇళ్లవాళ్లు ఇందులో ఉంటే మనల్ని ముస్లింలుగా తక్కువ చేసి చూస్తారని కొందరు సభ్యులు బాధపడ్డారు. ఆ బాధలో నిజం ఉంది. "మీరు అసలు ముస్లింలేనా?" అన్న ప్రశ్న అందరం విన్నాం, పెళ్లి సంబంధాల దగ్గర మరీ. అయినా ఒక్క బొమ్మా తీసేయకూడదని కమిటీ తీర్మానించింది. ఇంట్లో తెలుగు మాట్లాడుతూ, పిల్లలకు మస్తానమ్మ, సైదులు అని పేర్లు పెట్టుకుని బతికినవాళ్లం. ఎవరి మెప్పు కోసమో సగం దాచి చూపిస్తే అది మన చరిత్ర కాదు. వాదించిన పెద్దలే చివరికి తమ ఇళ్లలోని పాత ఫొటోలు తెచ్చిచ్చారు. వారికి కృతజ్ఞతలు.

ఈ పని ఒక ఆఫీసు తగాదాలోనూ పనికొచ్చింది. రిజర్వేషన్ల జాబితాలో మనం బీసీ-బి గ్రూపులో ఉన్నాం. 2007లో వచ్చిన బీసీ-ఇలో షేక్‌లు ఉన్నారు. ఇంటిపేరు షేక్ అని ఉన్న మన పిల్లలను దూదేకులని నమ్మక కుల సర్టిఫికెట్ కోసం తిప్పుతున్నారు, అడ్మిషన్ల సమయంలో ఆ టెన్షన్ చెప్పనలవి కాదు. తాతల వృత్తి గురించి రికార్డు చేసిన మాటలు, పాత కాగితాల కాపీలు జతచేసి అర్జీలు పెట్టాం. కొన్ని కదిలాయి, మిగిలినవాటి వెంట పడుతున్నాం.

విద్యార్థులకు పుస్తకాల పంపిణీ, కుట్టు మిషన్ల శిక్షణ ఎప్పటిలాగే జరిగాయి. జమాఖర్చులు విడిగా జతచేశాం.

వచ్చే ఏడాది ఆడవాళ్ల పని మీద బొమ్మలు వస్తాయి. గింజ తీయడం, పరుపులు కుట్టడం, ఊళ్ల మీద తిరిగి అమ్మడం, ఇవేవీ ఇంతవరకు ఎవరూ పట్టించుకోలేదు. మీ ఇంట్లో పాత విల్లు, ఫొటో, పెళ్లి కార్డు ఏదున్నా కమిటీకి చెప్పండి. కాపీ తీసుకుని అసలుది మీకే ఇచ్చేస్తాం.