పాదపూజలో నవ్వితే తప్పా?

సంపాదకుడికి,

అయ్యా,

ఈ మధ్య మీ జిల్లా పేజీలో తల్లుల పాదపూజ ఫొటోలు తరచుగా కనిపిస్తున్నాయి. వరసగా కుర్చీలు, కుర్చీల్లో పట్టుచీరల తల్లులు, కింద పళ్లేల్లో పసుపు నీళ్లు, వంగి కాళ్లు కడుగుతున్న పిల్లలు. శీర్షికలో కన్నీళ్లు తప్పనిసరి. మా దగ్గర ఒక పాఠశాలలో అలాంటి కార్యక్రమానికి నేనూ వెళ్లాను. ‘మీ అమ్మ రేపటి నుంచి లేదనుకోండి, కళ్లు మూసుకుని ఊహించుకోండి’ అని మైకులో ఒకాయన చెబుతుంటే, వెనక నుంచి విషాద సంగీతం వినిపిస్తుంటే, ఎనిమిదో తరగతి ఆడపిల్లలు వెక్కి వెక్కి ఏడ్చారు. నిక్షేపంలా ఎదురుగా కూర్చున్న అమ్మను చంపి మరీ ఏడవడం ఎందుకో నాకు అంతుపట్టలేదు. ఒక తల్లికీ అదే తోచినట్టుంది, ‘నేనింకా ఉన్నానండీ!’ అని గట్టిగానే అంది. అంతవరకు ఏడుస్తున్న ఆమె కూతురు ముక్కు తుడుచుకుంటూ ఫక్కున నవ్వింది. హాలంతా నవ్వింది. మైకాయనకు మాత్రం కోపం వచ్చింది. తల్లి ప్రేమ విలువ తెలియని వాళ్లే ఇలాంటి చోట నవ్వుతారని మందలించాడు.

ఆ మందలింపు మీదే నా అభ్యంతరం.

రాజోలులో జాకెట్లు కుట్టే కొట్టు నాది. పండగలకు, పెళ్లిళ్లకు తల్లీ కూతుళ్లు కలిసే వస్తారు. గోదావరి జిల్లాల వాళ్లకు వెటకారం ఎక్కువని బయటివాళ్లు అంటుంటారు. ఆ విద్య ఎక్కడ నేర్చుకుంటారో చూడాలంటే ఒక పూట నా కొట్లో కూర్చుంటే చాలు. మొన్న శ్రావణమాసంలో ఒకావిడ కూతురికి జాకెట్టు కుట్టించడానికి తన పాత జాకెట్టే ఆదిగా తెచ్చింది, ఇద్దరిదీ ఒకటే కొలతంటూ.

‘అది నీ పెళ్లినాటిదమ్మా. ఇప్పుడు నీకే ఎక్కదు’ అంది కూతురు.

‘ఎక్కకపోవడానికి కారణం ఎవరు? నిన్ను కన్నాకేగా ఇలా అయ్యాను!’

‘నేను పుట్టి పద్దెనిమిదేళ్లయింది. ఇంకా నా మీదకే తోస్తావేమిటి?’

టేపు పట్టుకుని మధ్యలో నిలబడ్డ నాకు చేతులు ఆడలేదు. ఎవరూ ఎవరినీ పొగడలేదు, రుణం తీర్చుకోలేనని ఎవరూ కాళ్ల మీద పడలేదు. కానీ కూతురు పెద్దదైందని తల్లికి తెలిసింది. తల్లికి తెలిసిందని కూతురికీ తెలిసింది. పాదపూజలో ఇది కుదరదు. అక్కడ ఒకరు కుర్చీలో, ఒకరు నేల మీద. వేళాకోళం ఆడుకోవాలంటే ఇద్దరూ ఒకే పీట మీద కూర్చోవాలి.

సఖినేటిపల్లి రేవులో పంటెక్కి నరసాపురం దిగితే అక్కడిదింకో రకం. అరుగుల మీద తల్లీ కూతుళ్లు ఎదురెదురుగా కూర్చుని లేసు అల్లుతూ ఉంటారు. నరసాపురం లేసుకు 2024లో భౌగోళిక గుర్తింపు వచ్చింది, సంతోషం. అల్లిక మధ్యలో నడిచే మాటలకు మాత్రం ఎవరూ గుర్తింపు ఇవ్వలేదు. ఒక పిల్ల అల్లిన ముక్కను తల్లి వెలుగుకు ఎత్తి పట్టి, ‘ఇది లేసా, వలా? పులస పడితే నాకూ ఒక ముక్క పంపు’ అంది. ఆ పిల్ల చేతిలో సూది ఆపకుండానే, ‘ముక్క దాకా ఎందుకు? ముందు నీ పుస్తెలు ఇటు తియ్యి’ అంది. పుస్తెలమ్మయినా పులస తినాలనే మా సామెత పుస్తకాల్లో ఎప్పుడో ఎక్కింది గానీ, దాన్ని ఇంత పదునుగా వాడిన మనిషిని నేను పుస్తకంలో చూడలేదు. తర్వాత తల్లి ఆ ముక్క విప్పేసి మళ్లీ అల్లించిందనుకోండి, అది వేరే సంగతి.

ఇంత నవ్వు ఇళ్లలో ఉండగా బయట ఎందుకు కనబడదు? మన పెళ్లిపాటల్లోనే దీనికి జవాబు ఉందేమో అనిపిస్తుంది. వియ్యపురాలిని ఆట పట్టించడానికి పాటలున్నాయి, తలుపు దగ్గర వధూవరులను నిలదీసి ఏడిపించడానికి పాటలున్నాయి. తల్లీ కూతుళ్ల వంతుకు వచ్చేసరికి అప్పగింతల పాట మిగిలింది. ఏడుపు వాళ్లకు, ఎకసెక్కం మిగతా అందరికీ. ఆ పంపకమే ఇప్పటికీ నడుస్తోంది. టీవీ హాస్య కార్యక్రమాల్లో చీర కట్టుకున్న మగవాళ్లే అత్తాకోడళ్లు. మీ ఆదివారం సంచికలో జోకులన్నీ భార్యాభర్తల మీదే. (మా వారు వాటిని నాకు పైకి చదివి వినిపిస్తారు, అది మీ తప్పు కాదు.) ఆ ఇళ్లలో ఒక తల్లీ, ఒక కూతురూ కూడా ఉంటారన్న సంగతి రాసేవారికి తట్టినట్టు లేదు. అట్లతద్దికి గోరింటాకు పెడుతూ, బాగా పండితే మంచి మొగుడు వస్తాడని పెద్దవాళ్లు అంటుంటే, ‘నాకూ ఎర్రగానే పండింది, ఎవరొచ్చారో చూస్తున్నావుగా’ అని కూతురి చెవిలో ఊదే తల్లులు మా వీధిలోనే ఉన్నారు.

పాదపూజల విషయంలో నాకు అన్నిటికన్నా బాధ కలిగించేది గల్ఫ్ తల్లుల పిల్లల పరిస్థితి. మా కోనసీమ నుంచి, ఏటికి అవతల పశ్చిమ గోదావరి నుంచి ఆడవాళ్లు ఇంటిపనులకు కువైట్, మస్కట్, దుబాయ్ వెళ్లడం కొత్త కాదు. పిల్లలు అమ్మమ్మల దగ్గర పెరుగుతారు. పూజ రోజున అమ్మమ్మనో, పిన్నినో తెచ్చి కుర్చీలో కూర్చోబెడతారు. లేదా ఆ రోజు బడి మానేస్తారు. అమ్మ లేదనుకోమని మైకులో చెప్పడం ఆ పిల్లలకు అవసరమా?

మా పక్కింటి అమ్మాయి తల్లి కువైట్‌లో ఉంటుంది. అక్కడి సమయం మనకన్నా రెండున్నర గంటలు వెనక. ఆమెకు పని తెమిలేసరికి ఇక్కడ అర్ధరాత్రి దాటుతుంది. పిల్ల నిద్ర ఆపుకుని కూర్చుంటుంది. ఫోన్‌లో మొహం కనబడగానే తల్లి, ‘ఆ తలేమిటే, పిచ్చుకలకు అద్దెకిచ్చావా?’ అంటుందట. ‘ఇచ్చానమ్మా, అద్దె అమ్మమ్మ వసూలు చేస్తోంది’ అని ఈ పిల్ల. వెనక మంచం మీద నుంచి అమ్మమ్మ, ‘పోయిన నెలదే ఇంకా ఇవ్వలేదు’. ఆ అమ్మమ్మే నాకు చెప్పి నవ్వింది. ఎప్పుడొస్తావని ఈ ముగ్గురిలో ఎవరూ అడగరు. అడిగితే ఆ రాత్రికి మాటలు అయిపోయినట్టే. ఏళ్ల తరబడి ఆ ఫోన్ ఇలాగే సాగుతోంది. తల్లి ప్రేమ విలువ ఆ పిల్లకు తెలియదని ఎవరైనా అనగలరా?

అన్ని వేళాకోళాలూ మంచివని నేను అనను. నా కొట్లో అద్దం ముందు నిలబడ్డ పిల్లను పట్టుకుని, రంగు మీద, ఒళ్లు మీద తల్లి విసిరే మాటలూ వింటుంటాను. ‘ఈ రంగు గుడ్డ దానికెందుకు, గుడ్డే కనబడుతుంది, పిల్ల కనబడదు’ అని ఒకావిడ నవ్వితే, ఆ పిల్ల గుడ్డ మడిచి పక్కన పెట్టేసింది. అది హాస్యం కాదు. తిరిగి ఒక మాట అనడానికి కూతురికి చోటు మిగలనప్పుడు దాన్ని సరదా అనడం తల్లి సౌకర్యం కోసమే. అలాంటప్పుడు నేను ఆ గుడ్డే మళ్లీ విప్పి పిల్ల భుజం మీద వేస్తాను. బేరం పోయినా సరే.

మాతృ దినోత్సవాన్ని మొదలుపెట్టిన అమెరికా మహిళ అన్నా జార్విస్ సంగతి బళ్లలో ఎవరైనా పిల్లలకు చెబితే బాగుంటుంది. 1908లో తన తల్లి జ్ఞాపకంగా ఆమె దాన్ని ప్రారంభించింది. 1914లో అది అక్కడ అధికారికంగా జాతీయ దినమైంది. ఆ తర్వాత పూల వ్యాపారులు, గ్రీటింగ్ కార్డుల వ్యాపారులు దాన్ని ఏం చేశారో చూసి, మిగిలిన జీవితమంతా వాళ్లతో పోట్లాడుతూనే గడిపింది. మన పళ్లేలూ, పసుపు నీళ్లూ, మైకూ చూసి ఉంటే ఏమనేదో!

మా జిల్లా విద్యాధికారులకు, బడుల యాజమాన్యాలకు మీ ద్వారా నా విన్నపం ఇది. 2024 డిసెంబరు 7న ప్రభుత్వ బడుల్లో ఒకేసారి జరిగిన తల్లిదండ్రుల సమావేశాల్లో తల్లులకు ముగ్గుల పోటీలు పెట్టారు. వచ్చే సమావేశంలో ఒక పావుగంట తల్లీ కూతుళ్లకు వదిలేయండి. తల్లి కూతురిలా నటించాలి, కూతురు తల్లిలా నటించాలి. పొద్దున బడికి బయలుదేరే వేళ చాలు, వేరే కథ అక్కర్లేదు. తల్లి ఊళ్లో లేని పిల్లలు అమ్మమ్మతోనో, నాయనమ్మతోనో రావచ్చు, వాళ్లకైతే ఇంకా ఎక్కువ మాటలు వచ్చు. కొడుకులు కూడా వస్తామంటే రానివ్వండి. మైకు మాత్రం బయటివాళ్లెవరికీ ఇవ్వకండి.

మీకు కూడా ఒక విన్నపం. ఆదివారం సంచికలో నాలుగు అంగుళాల చోటు ఇచ్చి, మా ఇళ్లలో తల్లీ కూతుళ్లు అనుకున్న మాటలు అచ్చు వేయండి. పేర్లూ, ఊర్లూ వేయకండి. మొదటి వారానికి సరిపడా నేనే పంపుతాను గానీ, మా అమ్మ మీ పత్రికే చదువుతుంది.

ఇట్లు,
జాకెట్లు కుట్టే ఒక పాఠకురాలు,
రాజోలు, కోనసీమ జిల్లా