మన మత్స్యకారుల సంఘం వార్షిక నివేదిక: కొల్లేటి నాటు చేప

సభ్యులందరికీ నమస్కారం.

పొదుపు లెక్కల ఆడిట్ పూర్తయింది, పుస్తకాలు సర్వసభ్య సమావేశంలో చూడొచ్చు. ఈ ఏడు కార్యవర్గం ఎక్కువగా పట్టుకున్న పని నాటు చేప.

వాలుగ, కొర్రమీను, మట్టగిడస తొలకరి వరదకు ఎదురెక్కి, కాలవల్లోనూ పల్లపు చేలల్లోనూ గుడ్లు పెడతాయి. బుడమేరు, తమ్మిలేరు కొత్త నీరు సరస్సంతా పరుచుకోవాలి. ఆ దారికి చేపల చెరువుల గట్లు అడ్డం లేచాయి. 1999లో ఐదో కాంటూరు (సముద్రమట్టానికి ఐదడుగుల ఎత్తు గీత) లోపలి 308 చదరపు కిలోమీటర్లు అభయారణ్యమైంది. 2006లో సుప్రీంకోర్టు ఆదేశాలతో గట్లు కొట్టేశారు. మళ్లీ ఎక్కడెక్కడ లేచాయో దోనె మీద తిరిగే మనకు వేరే చెప్పక్కర్లేదు.

గట్టుతోనే అయిపోలేదు. పెంపకం చేపపిల్ల వదిలేముందు చెరువులో ఇప్పపిండి (ఇప్పగింజల చెక్క పొడి) చల్లి అందులో ఉన్న నాటు చేపను చంపేస్తారు. పట్టుబడి అయ్యాక కోళ్లపెంట, ఎరువులు నానిన నీటిని కాలవలోకి తోడేస్తారు. ఆ నీటికి నాచు కమ్మి, తెల్లవారుజామున ప్రాణవాయువు పడిపోతుంది. కొర్రమీను, గొరక పైకొచ్చి గాలి పీల్చి బతుకుతాయి. పరిగెలు అలా బతకలేవు, పొద్దున్నే తెల్లగా తేలిపోతాయి. పైగా చైనా గొరక (తిలాపియా) గుడ్లను నోట్లోనే దాచుకుని, ఏడాదిలో పలుమార్లు పిల్లలు చేస్తుంది. అది చేరినచోట మన చేపకు మేతా కరువే, చోటూ కరువే.

మన ఇళ్లలో చాలామందికి చెరువు కూలే ఆధారం. అందుకే సాగు మొత్తం ఆపమని సంఘం అడగడం లేదు. అభయారణ్యం లోపల మాత్రం కొత్త గట్టు ఒక్కటీ వద్దని, మురుగునీరు ఒక్కసారిగా వదలొద్దని అర్జీ పెట్టాం. ఒక కాలవలో గుర్రపుడెక్క తీశారు, మిగతావాటికి జవాబు రాలేదు. మళ్లీ వెళ్తాం.

మన వంతుగా మూడు కట్టుబాట్లు చేసుకున్నాం: తొలి వరదప్పుడు కాలవ మొగల్లో మావులు (చేపలు చిక్కే బోనులు) పెట్టకూడదు, సన్నకన్ను వల వేయకూడదు, ఎర్రటి పిల్లల గుంపును కాస్తున్న కొర్రమీనును ముట్టుకోకూడదు. తల్లిని పడితే ఆ గుంపంతా ఇతర చేపల నోట్లో పడుతుంది. ఈ మూడో కట్టుబాటును కుర్రాళ్లు పట్టుదలగా నిలబెట్టారు, వాళ్లకు సంఘం తరఫున అభినందనలు.

వచ్చే తొలకరికి కాలవ మొగల దగ్గర కాపలా వంతులు సర్వసభ్య సమావేశంలోనే వేసుకుందాం. దోనెలు, టార్చిలైట్లు ఇవ్వగలిగిన సభ్యులు ముందుగా కోశాధికారికి చెప్పండి.

ఇట్లు,
కార్యదర్శి