చమురు పెరిగింది, జీతం కరిగింది

సంపాదకులకు నమస్కారం.

ముడిచమురు ధర పెరిగినప్పుడల్లా మన పత్రికల్లో రెండు మాటలు తప్పకుండా కనిపిస్తాయి. మనకు పెట్రోలు భారం, గల్ఫ్ దేశాలకు పండగ. మొదటి మాట నిజమే. రెండో మాటలో సగమే నిజం. మిగతా సగం ఉదయగిరి, వింజమూరు, కలిగిరి, పామూరు, కనిగిరి వైపు నుంచి కువైట్‌కో ఖతార్‌కో మనుషుల్ని పంపిన కుటుంబాలకు సంబంధించింది కాబట్టి ఈ లేఖ రాస్తున్నాను. కాస్త పొడుగైనా ప్రచురించమని కోరుతున్నాను.

నేను ఖతార్ రాజధాని దోహాలో ఒక నిర్మాణ కంపెనీ కొనుగోళ్ల విభాగంలో గుమాస్తాగా పనిచేసి కావలికి తిరిగి వచ్చినవాణ్ని. లేబర్ క్యాంపుల మెస్‌కు బియ్యం, పప్పు, నూనె, కోడిగుడ్లు, సైటుకు కంకర, ఇనుము, ఉద్యోగులకు అద్దె ఇళ్లు, వీటి బిల్లులన్నీ నా బల్ల మీదుగానే వెళ్లేవి. 2005 నుంచి 2008 దాకా ఆ బిల్లుల్లో అంకెలు ఎలా మారాయో దగ్గరుండి చూశాను. ఆ ఏళ్లలోనే ముడిచమురు ధర ఎగబాకి 2008 జూలైలో బ్యారెల్‌కు 147 డాలర్లను తాకింది. ఆ సంవత్సరమే ఖతార్‌లో ద్రవ్యోల్బణం 15 శాతానికి చేరింది. సౌదీ అరేబియాలో 10 శాతం దగ్గర, ఎమిరేట్స్‌లోనూ ఒమన్‌లోనూ 12 శాతం చుట్టూ ఉంది. అంత డబ్బు వచ్చిపడుతున్న దేశాల్లో ధరలు ఎందుకు పెరగాలని ఊళ్లో చాలామంది నన్ను అడిగారు. డబ్బు వచ్చిపడినందుకే పెరిగాయి.

చమురు, గ్యాసు అమ్మితే చేతికి వచ్చేవి డాలర్లు. వాటితో ఓడ మీద దిగే సరుకు ఎంతైనా తెప్పించుకోవచ్చు. కారు వస్తుంది, ఫ్రిజ్ వస్తుంది, కంకర కూడా వస్తుంది. మాకు కంకర పక్కనున్న ఎమిరేట్స్ కొండల నుంచే వచ్చేది. కానీ ఇల్లు ఓడ మీద రాదు. బడి రాదు, ఆసుపత్రి మంచం రాదు, క్షౌరశాల రాదు. ప్రభుత్వం ఆ డాలర్లను రియాళ్లుగా మార్చి రోడ్లకు, విమానాశ్రయానికి, రాస్ లఫాన్ గ్యాసు కర్మాగారాలకు, 2006 ఆసియా క్రీడలకు ఖర్చు పెట్టింది. కట్టేవాళ్లు కావాలి కాబట్టి విమానాల నిండా మనుషులు దిగారు. ఖతార్ జనాభా 2004 లెక్కల్లో ఏడున్నర లక్షలకు కొంచెం తక్కువ. 2010 లెక్కల్లో 17 లక్షలు. అన్ని లక్షల మంది ఎక్కడ పడుకోవాలి? మనుషులు వచ్చినంత వేగంగా ఇళ్లు లేవవు. అద్దెలు లేచాయి.

మా ఇంజనీర్ల కోసం తీసుకున్న రెండు పడకగదుల ఇళ్ల అద్దె చూస్తుండగానే రెట్టింపు దాటింది. ఒప్పందం గడువు ముగిసేసరికి యజమాని కొత్త అంకెతో సిద్ధంగా ఉండేవాడు. బేరం ఉండేది కాదు, మేము వదిలితే తీసుకునేవాళ్లు బయట నిలబడి ఉండేవారు. ఇంజనీరుకు కంపెనీ ఇల్లిచ్చింది కాబట్టి ఆయన జేబుకు చిల్లు పడలేదు. సొంతంగా గది తీసుకున్న డ్రైవర్లు, ఎలక్ట్రీషియన్లు, దుకాణాల్లో పనిచేసే కుర్రవాళ్లు మాత్రం నలుగురి గదిలో ఎనిమిది మంది సర్దుకున్నారు. అద్దె పెరిగితే హోటలు భోజనం పెరుగుతుంది, క్షవరం పెరుగుతుంది, బట్టలు ఉతికే కూలి పెరుగుతుంది, ఎందుకంటే వాటన్నిటికీ ఒక గది కావాలి, ఆ గదిలో పనిచేసే మనిషి ఎక్కడో ఒకచోట పడుకోవాలి. చివరికి 2008లో అక్కడి ప్రభుత్వం అద్దెలు పెంచకూడదని చట్టమే చేయాల్సి వచ్చింది.

మన తీరప్రాంతం వాళ్లకు ఇది అర్థం కావడానికి గల్ఫ్ దాకా వెళ్లనక్కరలేదు. 1990ల మొదట్లో అల్లూరు, విడవలూరు, ఇందుకూరుపేట వైపు రొయ్యల చెరువులు తవ్విన రోజులు పెద్దవాళ్లకు గుర్తుండే ఉంటాయి. ఎగుమతి డబ్బు ఒక్కసారిగా ఊళ్లలోకి వచ్చింది. ఎకరం కౌలు పెరిగింది, కూలి పెరిగింది, ట్రాక్టరు బాడుగ పెరిగింది. రొయ్యలు వేసినవాడికి అవి ఒక లెక్కలోవి కావు. పక్క పొలంలో వరి వేసినవాడు కూడా ఆ కూలే ఇవ్వాలి, ధాన్యం ధర మాత్రం ఒక్క పైసా తన చేతిలో లేదు. తర్వాత 1994-95లో వైరస్ వచ్చి చెరువులు ఖాళీ అయ్యేసరికి చాలామందికి ఉప్పెక్కిన నేల, తీరని అప్పు మిగిలాయి. చమురు దేశాల్లో జరిగేదీ ఇదే. నెదర్లాండ్స్‌లో 1959లో గ్రోనింగెన్ దగ్గర సహజవాయువు బయటపడ్డాక అక్కడి ఇతర పరిశ్రమలు చితికిపోయిన తీరు చూసి ఆర్థికవేత్తలు దీన్ని డచ్ వ్యాధి అన్నారు.

గల్ఫ్ దేశాల విషయంలో ఇంకొక చిక్కు ఉంది. దీని గురించి మన దగ్గర దాదాపు ఎవరూ రాయరు. అక్కడి నాణేల (కరెన్సీల) విలువ డాలరుకు కట్టేసి ఉంటుంది. ఖతార్ రియాల్ డాలరుకు 3.64, సౌదీ రియాల్ 3.75, ఈ లెక్క ఏళ్ల తరబడి కదలదు. చమురును డాలర్లలో అమ్ముకునే దేశానికి ఇది సౌకర్యమే, కాదనను. అయితే నాణెం విలువ కదలకూడదంటే వడ్డీ రేట్లు కూడా అమెరికా వెంటే నడవాలి, లేకపోతే ఎక్కువ వడ్డీ ఉన్నవైపుకు డబ్బు పరుగెత్తి ఆ లెక్క చెదురుతుంది. 2007 సెప్టెంబరు నుంచి అమెరికా తన ఇళ్ల రుణాల సంక్షోభానికి మందుగా వడ్డీ తగ్గించుకుంటూ పోయింది. 5.25 శాతం నుంచి మొదలై 2008 డిసెంబరుకల్లా సున్నా దగ్గరకు చేరింది. అమెరికాకు మాంద్యం, గల్ఫ్‌కు ధరల మంట. ధరలు మండుతున్నప్పుడు వడ్డీ పెంచాలని ఏ కేంద్ర బ్యాంకుకైనా తెలుసు. గల్ఫ్ బ్యాంకులు చౌకగా అప్పులిస్తూ కూర్చున్నాయి, ఆ అప్పులు మళ్లీ భూముల మీదికే వెళ్లాయి. పైగా డాలరు బలహీనపడటంతో యూరప్ నుంచి, జపాన్ నుంచి వచ్చే సరుకు ఖరీదైంది. కువైట్ ఒక్కటే 2007 మేలో డాలరు ముడి విప్పి, తన దీనారును కొన్ని నాణేల సముదాయానికి కట్టుకుంది. అది సరైన పని అని నా అభిప్రాయం. అయినా మరుసటి ఏడాది కువైట్‌లోనూ ద్రవ్యోల్బణం 10 శాతం దాటింది. ఒక ముఖ్య కారణం తిండి. ఎడారి దేశం తినేదంతా దాదాపు బయటిదే.

ఆ తిండిలో మన బియ్యం ఉంది. 2007 అక్టోబరులో, మళ్లీ 2008లో మన దేశం బాస్మతి కాని బియ్యం ఎగుమతిని ఆపింది. ఇక్కడి ప్రజల కోసం తీసుకున్న నిర్ణయం, తప్పు పట్టలేను. కానీ ఆ రోజుల్లో క్యాంపు మెస్‌లకు బియ్యం వెతకడం నా పని. పాత నిల్వలకు దుకాణదారు చెప్పిందే ధర. నెల్లూరు పొలాల మధ్య పుట్టి పెరిగిన కుర్రవాళ్లకు అలవాటు లేని ముతక బియ్యం వండిపెట్టాం. 2023 జూలైలో మళ్లీ తెల్లబియ్యం ఎగుమతిని నిషేధించినప్పుడు, ఇప్పుడు ఆ మెస్‌లలో ఎవరు ఏం వండుతున్నారోనని నా మనసు అటే పోయింది.

ఇన్ని ధరల మధ్య కూలీ జీతం ఏమైంది? రెండేళ్ల ఒప్పందంలో రాసిన అంకె రాసినట్టే ఉంది. దానికి తోడు అదే సమయంలో మన రూపాయి బలపడింది. 2002లో డాలరు 48 రూపాయల పైన ఉన్నప్పుడు వెయ్యి రియాళ్లు పంపితే ఇంటికి పదమూడు వేలకు పైగా చేరేవి. 2008 జనవరిలో డాలరు 39 రూపాయలకు దిగేసరికి అవే వెయ్యి రియాళ్లు పదకొండు వేలు కూడా కాలేదు. అక్కడ ఖర్చు పెరిగి పంపగలిగింది తగ్గింది, పంపినదాని విలువ ఇక్కడ తగ్గింది. భార్య ఫోను చేసి ఈ నెల తక్కువ వచ్చిందేమని అడిగితే జవాబు చెప్పలేక క్యాంపు మెట్ల మీద కూర్చున్నవాళ్లను చూశాను. చమురు చరిత్రలో అంతకు ముందెన్నడూ లేని ధర పలికిన సంవత్సరంలో వాళ్ల పరిస్థితి అది.

మరి చమురు ధర పడితే వీళ్లకు ఊరట వస్తుందా? అదీ రాదు. 2014 మధ్యలో వంద డాలర్ల పైనున్న బ్యారెల్ 2016 జనవరిలో 30 కన్నా కిందికి జారింది. ఖజానా తగ్గిన ప్రభుత్వాలు పన్నుల వైపు చూశాయి. సౌదీ అరేబియా 2017 జూలై నుంచి విదేశీ ఉద్యోగి వెంట ఉన్న ప్రతి కుటుంబ సభ్యుడికీ నెలకు వంద రియాళ్లు వసూలు మొదలుపెట్టి, ఏటా మరో వంద చొప్పున పెంచుతూ 2020కి నాలుగు వందలు చేసింది. భార్య, ఇద్దరు పిల్లలు ఉంటే నెలకు 1200 రియాళ్లు. కుటుంబాలను ఇంటికి పంపేయక ఏం చేస్తారు? 2018 జనవరిలో 5 శాతం విలువ ఆధారిత పన్ను వచ్చింది. 2020లో కరోనాతో చమురు ధర కుప్పకూలగానే జూలై నుంచి అదే పన్ను 15 శాతమైంది, ఆ నెలలోనే అక్కడి ద్రవ్యోల్బణం 6 శాతం దాటింది. ఆ తర్వాత చమురు కోలుకుంది, కట్టడాలు మళ్లీ ఊపందుకున్నాయి, రియాద్‌లో అద్దెలు ఎంత పెరిగాయంటే 2025 సెప్టెంబరులో అయిదేళ్లపాటు పెంచరాదని ప్రభుత్వం ఉత్తర్వు ఇచ్చింది. దోహాలో నేను చూసిందే అక్కడ జరిగింది.

గల్ఫ్ దేశాలకు కనీసం నిల్వలున్నాయి. అవి లేని చమురు దేశాల గతి ఇంకా ఘోరం. వెనెజులా ఎగుమతి ఆదాయంలో తొంభై శాతానికి పైగా చమురు నుంచే వచ్చేది. ధర పడ్డాక, ఉత్పత్తి కూడా కూలిపోయాక, ప్రభుత్వం నోట్లు ముద్రించి లోటు నింపుకుంది. 2008, 2018, 2021లలో కలిపి తన నాణెం నుంచి పద్నాలుగు సున్నాలు కొట్టేసింది. నైజీరియా ముడిచమురు అమ్ముతుంది, కానీ శుద్ధి కర్మాగారాలు మూలపడి దశాబ్దాలపాటు పెట్రోలు మాత్రం దిగుమతి చేసుకుంది. 2023లో పెట్రోలు రాయితీ ఎత్తివేసి, తన నాణెం నైరా విలువను మార్కెట్‌కు వదిలేశాక 2024 డిసెంబరులో అక్కడ ద్రవ్యోల్బణం 34 శాతం దాటింది. దారి వేరుగా ఎంచుకున్నది నార్వే. 1990లో నిధి ఏర్పాటు చేసి, చమురు డబ్బును విదేశాల్లోనే పెట్టుబడిగా ఉంచి, ఏటా అందులో కొద్ది శాతం మాత్రమే, 2017 నుంచి 3 శాతం లెక్కన, ఇంటికి తెచ్చుకుంటోంది. డబ్బు ఒక్కసారిగా ఊరి మీద పడకుండా ఆపగలిగింది కాబట్టే ఆ దేశం నిలబడింది.

ఇక మన విషయం. 2020 సెప్టెంబరులో, అంటే సౌదీలో పన్ను మూడింతలైన రెండు నెలలకు, మన విదేశాంగ శాఖ గల్ఫ్‌కు వెళ్లే కూలీలకు నిర్దేశించే కనీస వేతనాలను 30 నుంచి 50 శాతం దాకా తగ్గించింది. ఖతార్, ఎమిరేట్స్, ఒమన్, బహ్రెయిన్‌లకు 200 డాలర్లన్నారు. ఉద్యోగాలు పోకుండా కాపాడటానికేనన్నారు. అక్కడ ధరలు పెరుగుతుంటే ఇక్కడ మనమే మన మనిషి వెల తగ్గించడం నాకు ఈనాటికీ మింగుడుపడని విషయం. విమర్శలు వచ్చాక 2021 జూలైలో వెనక్కి తీసుకున్నారు. ఈ కనీస వేతనాలను ఆయా దేశాల అద్దెలు, తిండి ధరలతో కలిపి ఏటా సవరించాలి. మన ఎంపీలు పార్లమెంటులో ఈ మాట అడగాలి.

మీ పత్రికను కూడా ఒకటి కోరుతున్నాను. రియాల్, దీనార్, దిర్హం రూపాయల్లో ఎంతో మీరు వేస్తున్నారు. నెలకు ఒకసారైనా ఆ పక్కనే దోహాలో, కువైట్‌లో, రియాద్‌లో ఒక మంచం అద్దె ఎంతో, అయిదు కిలోల బియ్యం ఎంతో వేయండి. అక్కడున్న మన జిల్లా వాళ్లే ఆ వివరాలు పంపుతారు. ఆ రెండు అంకెలు పక్కపక్కన చూస్తే ఏజెంటు చెప్పే జీతంలో ఎంత మిగులుతుందో ఇంట్లో వాళ్లే లెక్క వేసుకోగలరు. ఖతార్‌లో 2021 మార్చి నుంచి కనీస వేతనం వెయ్యి రియాళ్లు, కంపెనీ వసతి ఇవ్వకపోతే మరో 500, భోజనం పెట్టకపోతే 300 ఇవ్వాలని చట్టం ఉంది. వెళ్లబోయే పిల్లలకు ఒప్పందంలో ఆ మూడూ విడివిడిగా రాసి ఉన్నాయా, లేక అన్నీ కలిపి ఒకే అంకె వేశారా అన్నది సంతకానికి ముందే చూసుకోమని చెప్పండి.

ఇట్లు,
దోహాలో పనిచేసి వచ్చిన ఒక పాఠకుడు,
కావలి, శ్రీ పొట్టి శ్రీరాములు నెల్లూరు జిల్లా.