వార్షిక నివేదిక 2024–25: గ్రీకు పురాణాల ఏడాది

సభ్యులందరికీ నమస్కారం.

సర్వసభ్య సమావేశంలో కార్యదర్శి నివేదిక చదవాలని నియమావళిలో ఉంది కాబట్టి చదువుతున్నాను. పోయినసారి నివేదిక మరీ పొట్టిగా ఉందన్నారు. ఈసారి ఆ మాట పడను.

ఏడాదంతా గ్రీకు పురాణాలే చదువుదామని తీర్మానించింది మీరే. ఆ రోజు ఎత్తిన చేతులకూ, తర్వాత తెరిచిన పుస్తకాలకూ లెక్క కుదరలేదు. అయినా ట్రాయ్ నగరం మీద గ్రీకుల యుద్ధం గురించి హోమర్ చెప్పిన కావ్యం ఇలియడ్ 24 భాగాలూ పూర్తి చేశాం. ప్రతి రెండో ఆదివారం తన ఇంటి హాలు ఇచ్చి, ఇరవై మందికి టీ పెట్టిన, లండన్‌లోని హౌన్స్‌లో పేటలో ఉండే అత్తయ్య గారికి మొదటి కృతజ్ఞతలు.

సినిమాలు చూసి వచ్చినవాళ్ళు మూడో సమావేశం నుంచే "చెక్క గుర్రం ఎప్పుడొస్తుంది?" అని అడగడం మొదలుపెట్టారు. రాదు. ఇలియడ్ ట్రాయ్ వీరుడు హెక్టర్ అంత్యక్రియలతో ఆగిపోతుంది. గ్రీకులు గుర్రంలో దాక్కుని ట్రాయ్‌లోకి దూరిన ముచ్చట హోమర్ రెండో కావ్యం ఒడిస్సీలో ఉంది. ఎనిమిదో భాగంలో డెమోడొకస్ అనే గుడ్డి గాయకుడు దాన్ని పాడతాడు. గ్రీకు వీరుడు అకిలీజ్‌కు మడమ మీద తప్ప ఇంకెక్కడా దెబ్బ తగలదంటారే, ఆ సంగతీ అంతే, హోమర్ ఆ మాటే ఎత్తడు. తల్లి థెటిస్ బిడ్డను స్టిక్స్ నదిలో ముంచిన కథ ఎంతో తర్వాత, క్రీ.శ. మొదటి శతాబ్దంలో, రోమన్ కవి స్టేషియస్ దగ్గర కనిపిస్తుంది. ఇలియడ్ 21వ భాగంలోనైతే అకిలీజ్ చేతికి ఈటె గీసుకుని రక్తం కూడా కారుతుంది. కర్ణుడి కవచకుండలాలతో పోలుస్తూ ఎనిమిది పేజీల వ్యాసం రాసుకొచ్చిన మాస్టారు ఆ పూట చాలాసేపు మాట్లాడలేదు. వ్యాసం బాగుందని ఇక్కడ అందరి ముందూ చెబుతున్నాను, ఇకనైనా అలక మానాలి.

చివరి భాగం చదివిన రోజు మాత్రం ఎవరూ ఫోను చూడలేదు. ట్రాయ్ రాజు ముసలి ప్రయామ్ రాత్రిపూట శత్రువు అకిలీజ్ గుడారంలోకి వచ్చి, తన కొడుకు హెక్టర్‌ని చంపిన చేతులనే ముద్దుపెట్టుకుని శవాన్ని ఇమ్మని అడుగుతాడు. అకిలీజ్‌కు తన తండ్రి గుర్తొస్తాడు. ఇద్దరూ ఏడుస్తారు. చదువుతున్న డాక్టరు గారి గొంతు ఆగిపోతే మిగతాది వాళ్ళమ్మాయి చదివింది.

పిల్లల విభాగం వేసవిలో, మూత తీసి లోకంలోకి కష్టాలన్నీ వదిలిన పండోరా కథ వేసింది. పండోరా పెట్టె అంటారు గానీ, ప్రాచీన గ్రీకు కవి హెసియడ్ చెప్పింది పెట్టె కాదు, పెద్ద మట్టి బాన. పదహారో శతాబ్దంలో డచ్ పండితుడు ఎరాస్మస్ లాటిన్ చేతిలో అది పెట్టె అయింది. బాన తెచ్చిన నాన్నగారికి, దాన్ని పగలగొట్టిన పిల్లవాడికి కూడా థాంక్స్.

అక్టోబరులో బ్రిటిష్ మ్యూజియానికి వెళ్ళాం. వాట్సాప్‌లో బొటనవేలు చూపినవాళ్ళు ముప్ఫై ఒక్కమంది, మెట్ల దగ్గర వానలో నిలబడినవాళ్ళు పదకొండుమంది. ఏథెన్స్‌లో అథీనా దేవత గుడి పార్థినాన్ శిల్పాలున్న గదిలో అందరినీ ఆపేసింది ఒక గుర్రం తల. అథీనా పుట్టుకను చెక్కిన తూర్పు ముఖం మూలలో చంద్రదేవత సెలీనీ రథం ఉండేది, దాని గుర్రం ఇది. రాత్రంతా ఆకాశంలో రథం లాగి అలసిపోయింది. కళ్ళు ఉబ్బి, నోరు తెరుచుకుని, దవడ అంచు మీదుగా కిందికి వేలాడుతోంది. నైట్ షిఫ్టు చేసి వచ్చిన మన నర్సమ్మ గారు "ఇది నేనే" అన్నారు.

బ్రిటిష్ రాయబారి లార్డ్ ఎల్గిన్ మనుషులు ఏథెన్స్ నుంచి తెచ్చిన ఈ శిల్పాలను 1816లో బ్రిటన్ పార్లమెంటు కొన్నది. గ్రీసు ఇప్పటికీ అడుగుతూనే ఉంది. 2009లో ఏథెన్స్‌లో తెరిచిన ఆక్రొపోలిస్ మ్యూజియంలో, ఇక్కడున్న ముక్కల చోట ప్లాస్టర్ నకళ్ళు పెట్టారు. తిరిగి ఇచ్చేయాలా వద్దా అన్న వాదన అదే కట్టడంలో ఇంకో గదికి వెళ్ళేదాకా సాగింది. అది అమరావతి శిల్పాల గది. 1845లో ఈస్టిండియా కంపెనీ అధికారి వాల్టర్ ఎలియట్ తవ్వించినవి అక్కడ ఉన్నాయి. ఒకప్పుడు వీటిని ఎల్గిన్ మార్బుల్స్ లాగే ఎలియట్ మార్బుల్స్ అనేవారు. అప్పటిదాకా "ఇక్కడుంటేనే భద్రం" అని వాదించిన గుంటూరు బాబాయి గారు అక్కడ ప్లేటు ఫిరాయించారు. మినిట్స్‌లో రాయొద్దన్నారు, రాయలేదు. ఇది నివేదిక.

ఇక అసలు సంగతి. సంక్రాంతి కార్యక్రమంలో ఒడిస్సీ తొమ్మిదో భాగాన్ని బుర్రకథగా చెప్పాం. ఇది మన సంఘం చేసిన అన్నింటిలోకీ గొప్ప పని అని నా అభిప్రాయం. అధ్యక్షుల వారు ఒప్పుకోకపోయినా సరే.

ఒంటికన్ను రాక్షసుడు పాలిఫీమస్ గుహలో చిక్కుకున్న కథానాయకుడు ఒడిస్యూస్ తన పేరు "ఊటిస్" అని చెబుతాడు. అంటే ఎవడూ కాడని. మొదట "నోబడీ" అనే పెట్టి రిహార్సల్ చేస్తే ఎవరూ నవ్వలేదు. రెండు వారాలు తల పట్టుకున్నాక, తంబుర పట్టిన కథకుడి భార్య వంటింట్లోంచి అంది: "ఎవడూకాడు అని పెట్టండి." అంతే, తాళం తెరుచుకుంది. మందు తాగించి, కాల్చిన ఆలివ్ దుంగతో కన్ను పొడిచాక రాక్షసుడు కేకలు పెడతాడు. ఇరుగుపొరుగు రాక్షసులు "నిన్ను పొడిచింది ఎవడురా?" అంటే "ఎవడూకాడు!" అని అరుస్తాడు. "ఎవడూ కాకపోతే అది దేవుడిచ్చిన రోగం, నాన్నకు మొక్కుకో" అని వాళ్ళు పోయి పడుకుంటారు. ఈ మాట మేం కల్పించింది కాదు, హోమర్‌లోనే ఉంది. హాలు ఊగిపోయింది. గ్రీకులో అక్కడే యుక్తి అనే అర్థమున్న "మేటిస్" మాటతో ఇంకో శ్లేష ఉంది. దాన్ని తెలుగులో పట్టలేకపోయాం.

పొట్టేళ్ళ పొట్ట కింద వేలాడి తప్పించుకున్న ఒడిస్యూస్, ఓడ ఎక్కాక ఊరుకోకుండా తన అసలు పేరూ ఊరూ అరిచి చెబుతాడు. రాక్షసుడి తండ్రి సముద్రదేవుడు పొసైడన్. ఇంకేముంది. రాజకీయం వంత అక్కడ "పేరు లేనంతసేపూ క్షేమం, శిలాఫలకం అడగ్గానే గల్లంతు!" అన్నాడు. ముందు వరసలో కొందరు నవ్వలేదు.

కథకుడికి, ఇద్దరు వంతలకు, లీసెస్టర్ నుంచి గుమ్మెటలు మోసుకొచ్చిన దంపతులకు, అరిసెలు చేసినవాళ్ళకు, వీడియో తీసిన తమ్ముడికి కృతజ్ఞతలు. కార్యక్రమానికి రెండు రోజుల ముందు బుకింగ్ రద్దు చేసి, మూడు ఈమెయిళ్ళకు జవాబివ్వని హాలు ఆఫీసుకు మాత్రం కృతజ్ఞతలు లేవు. కొత్త హాల్లో నూట ఇరవై కుర్చీలు నలుగురమే వేశాం, నలుగురమే తీశాం. వాలంటీర్ల జాబితాలో పదిహేడు పేర్లున్నాయి. చదవమంటారా?

జమాఖర్చుల పట్టిక మీ కుర్చీల మీద ఉంది. హాలు మారినందువల్ల కొంచెం లోటు వచ్చింది. ప్రశ్నలుంటే కోశాధికారి గారిని భోజనాల తర్వాత అడగండి, ముందు కాదు.

వచ్చే ఏడాది ఒడిస్సీలో మిగిలిన భాగాలు చదవాలి. ఇరవై ఏళ్ళ తర్వాత యజమానిని గుర్తుపట్టి తోక ఊపి చనిపోయే ఆర్గస్ కుక్క 17వ భాగంలో ఉంది, దానికోసమైనా రండి. కార్యదర్శి పదవికి ఎవరైనా ముందుకొస్తే ఫైళ్ళన్నీ ఇవాళే ఇచ్చేస్తాను.

చివరగా, రాక్షసుడి అట్ట ముసుగు ఎవరింట్లోనో ఉండిపోయింది. ఎవరు తీసుకెళ్ళారని గ్రూపులో అడిగితే "ఎవడూకాడు" అని పద్నాలుగు జవాబులు వచ్చాయి. దయచేసి తిరిగి ఇవ్వండి.

కార్యదర్శి