చిన్న సినిమా అంటే వెయిటింగ్ రూమా?

ఎడిటర్ గారికి,

మొన్న ఆదివారం సంచికలో తక్కువ బడ్జెట్ సినిమాల్లో చేసే నటీమణుల గురించి మీరు వేసిన వ్యాసం చదివాను. అందరినీ ‘పెద్ద ఛాన్స్ కోసం ఎదురుచూస్తున్న’ వాళ్లుగానే రాశారు, పాపం అన్నట్టు. నా పేచీ అక్కడే.

2024 ఆగస్టులో 94 ఏళ్ల వయసులో పోయిన అమెరికన్ నటి జీనా రోలండ్స్‌నే తీసుకోండి. చాలామందికి ఆవిడ ‘ద నోట్‌బుక్’లో జ్ఞాపకశక్తి పోయిన పెద్దావిడగానే తెలుసు (నాకూ మొదట అంతే). కానీ ఆవిడ అసలు సత్తా చూడాలంటే భర్త జాన్ కసావెటెస్ చేతి డబ్బుతో తీసిన సినిమాలు చూడాలి. ఆయన పెద్ద స్టూడియోల సినిమాల్లో వేషాలు వేసి సంపాదించింది తెచ్చి వీటిలో పోసేవాడు. 1974లో వచ్చిన ‘ఎ వుమన్ అండర్ ది ఇన్‌ఫ్లుయెన్స్’ కోసం ఇల్లే తాకట్టు పెట్టారు, అందులో ఆవిడ భర్త వేషం వేసిన పీటర్ ఫాక్ కూడా తన డబ్బు పెట్టాడు, ఇక అందులో ఆమె తల్లిగా చేసింది సొంత తల్లి, అత్తగా చేసింది సొంత అత్తగారు! కొనేవాళ్లు లేకపోతే థియేటర్లకి వాళ్లే ఫోన్లు చేసి ఆడించుకున్నారు.

అందులో ఒక సీన్ ఉంది. రాత్రంతా పని చేసొచ్చిన కూలీలందరినీ భర్త ఇంటికి తీసుకొస్తాడు, ఈవిడ పొద్దున్నే వాళ్లకి స్పగెట్టి వండి వడ్డిస్తుంది, సంతోషం పట్టలేక ఒకతన్ని డాన్స్‌కి రమ్మంటుంది, భర్త అందరి ముందూ కసురుతాడు. అంతే, ఆమె ముఖంలో ఏదో ఆరిపోతుంది. ఆ సినిమాకి ఆస్కార్ నామినేషన్ వచ్చింది. 1977 నాటి ‘ఓపెనింగ్ నైట్’ అమెరికాలో పెద్దగా ఆడనే లేదు, కానీ మరుసటి ఏడాది బెర్లిన్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో ఉత్తమ నటి అవార్డు ఆవిడకే ఇచ్చారు.

తాకట్టుకి ఇల్లూ, వేషాలు రాసిచ్చే భర్తా అందరికీ ఉండరు, ఒప్పుకుంటాను. చిన్న సినిమా అనే వంకతో పేమెంట్ ఎగ్గొట్టేవాళ్లని వెనకేసుకురావడం కూడా నా ఉద్దేశం కాదు.

నేను అడిగేది ఒకటే. ఈసారి అలాంటి నటిని ఇంటర్వ్యూ చేసినప్పుడు ‘నెక్స్ట్ ఏ పెద్ద హీరో పక్కన?’ అని కాకుండా, ఫలానా సీన్ ఎలా చేశారు, ఎన్ని టేకులు తీసుకున్నారు, డబ్బులు టైమ్‌కి ఇచ్చారా అని అడగండి.

ఇట్లు,
మీ పాఠకురాలు