ఫ్రీగా ఆడటం ఎవరికి కుదిరింది?

ఎడిటర్ గారూ నమస్తే,

పోయిన ఆదివారం మీ స్పోర్ట్స్ పేజీలో ఐపీఎల్ వేలం మీద వచ్చిన వ్యాసం మొత్తం చదివాను. ఆటగాళ్ళకి ఇన్ని కోట్లు ఎందుకు అన్నదాని మీద ఎవరి అభిప్రాయం వాళ్ళది, నేనేమీ అనను. కానీ చివర్లో వందేళ్ళ కిందటి ఇంగ్లాండ్ అమెచ్యూర్లని చూపించి, వాళ్ళు పైసా ఆశించకుండా ఆట మీద ప్రేమతో ఆడారు, ఇప్పటివాళ్ళని చూడండి అన్నట్టు రాశారే, అది చదివి మాత్రం నాకు నిజంగా బాధేసింది. నాకు ఆ కాలం క్రికెట్ అంటే పిచ్చి, చిన్నప్పట్నుంచీ దొరికిందల్లా చదువుతున్నాను, అందుకే ఈ ఉత్తరం.

రెండు ప్రపంచ యుద్ధాల మధ్య కౌంటీ క్రికెట్లో, అంటే ఇంగ్లాండ్ జిల్లాల జట్ల మధ్య జరిగే ఆటలో, అమెచ్యూర్ అంటే ఆట మీద ప్రేమ ఉన్నవాడని కాదు, జీతం లేకపోయినా ఇల్లు గడిచేవాడని అర్థం. ఎక్కువమంది పెద్ద స్కూళ్ళు, ఆక్స్‌ఫర్డ్, కేంబ్రిడ్జ్ నుంచి వచ్చినవాళ్ళే. ప్రొఫెషనల్ అంటే ఆట మీదే బతికేవాడు, సీజన్ అయిపోతే చాలామంది శీతాకాలానికి ఇంకో పని వెతుక్కోవాల్సిందే, ఏళ్ళ తరబడి ఆడితే కౌంటీ ఒక బెనిఫిట్ మ్యాచ్ ఇస్తుంది, ఆ మ్యాచ్‌కి వచ్చిన డబ్బు అతనికే, ఆ రోజు వాన పడితే అదీ పాయె. ఇద్దరూ ఒకే జట్టు, ఒకే బంతి, కానీ డ్రెస్సింగ్ రూములు వేరు, చాలాచోట్ల గ్రౌండ్‌లోకి వచ్చే గేటు కూడా వేరు. స్కోర్ కార్డులో అమెచ్యూర్‌కి ఇనీషియల్స్ పేరు ముందు వేస్తారు, ప్రొఫెషనల్‌కి పేరు తర్వాత వేస్తారు. అంటే కార్డు కొనుక్కున్న ప్రతివాడికీ ఎవరు దొరో ఎవరు కూలీయో ముందే తెలిసిపోయేది. ఇది ప్రేమ లెక్క ఎలా అవుతుందండీ?

ఒక ఉదాహరణ చెప్తాను. 1926 ఆగస్టు, లండన్‌లో ఓవల్ గ్రౌండ్, ఆస్ట్రేలియాతో చివరి టెస్టు. ఇంగ్లాండ్ కెప్టెన్ పెర్సీ చాప్‌మన్, 25 ఏళ్ళవాడు, కేంబ్రిడ్జ్‌లో చదివాడు, కెంట్ తరఫున ఆడే అమెచ్యూర్, ఎడమచేతి బ్యాట్స్‌మన్, ఫీల్డింగ్‌లో పులి. అతని చేతి కింద బౌలింగ్ వేస్తున్నది విల్‌ఫ్రెడ్ రోడ్స్, యార్క్‌షైర్ ప్రొఫెషనల్, వయసు 48. రోడ్స్ మొదటి టెస్టు ఆడింది 1899లో, చాప్‌మన్ పుట్టిందేమో 1900లో. కెప్టెన్ పుట్టకముందే టెస్టు ఆడేసిన మనిషి, ఆ కుర్రాడు చెయ్యి చూపించిన చోటికి వెళ్ళి నిలబడాలి. ఆ చివరి ఇన్నింగ్స్‌లో రోడ్స్ 44 పరుగులకి 4 వికెట్లు తీశాడు, అంతకుముందు తడిసిన పిచ్ మీద హాబ్స్ 100, సట్‌క్లిఫ్ 161 కొట్టారు, వాళ్ళిద్దరూ ప్రొఫెషనల్సే. 289 పరుగుల తేడాతో గెలవడంతో, ఆస్ట్రేలియాతో పోటీపడే యాషెస్ ట్రోఫీ మళ్ళీ ఇంగ్లాండ్‌కి వచ్చింది. అంతకుముందు ఏడాదే, 1925లో, యార్క్‌షైర్ పెద్దమనిషి లార్డ్ హాక్, ఇంగ్లాండ్‌కి ప్రొఫెషనల్ కెప్టెన్ అయ్యే రోజు రాకూడదని దేవుణ్ణి ప్రార్థిస్తున్నానని అందరి ముందూ అన్నాడు. రోడ్స్‌ లాంటివాళ్ళు అది విని ఏమనుకుని ఉంటారో తలుచుకుంటే ఇప్పటికీ గుండె బరువెక్కుతుంది.

అలాగని చాప్‌మన్ మీద నాకు కోపం లేదు, అతనంటే ఇష్టమే. కెప్టెన్‌గా మొదటి 9 టెస్టులూ వరసగా గెలిచాడు, 1928-29లో ఆస్ట్రేలియా వెళ్ళి 4-1తో కొట్టి వచ్చాడు, 1930లో లార్డ్స్‌లో 121 చేశాడు, అదే సిరీస్ చివరి టెస్టుకి మాత్రం పక్కన పెట్టేశారు. ఆటలో జీతం లేదు కాబట్టి బతుకుతెరువు కోసం బీరు కంపెనీలో ఉద్యోగం చేశాడు, నలుగురిలో తిరగాలి, పార్టీలకి వెళ్ళాలి, తాగాలి. ఆట తగ్గేకొద్దీ ఆ తాగుడే అతన్ని తినేసింది. లావైపోయాడు, పెళ్ళి 1942లో విడాకులయింది, ఒకప్పుడు చుట్టూ మూగినవాళ్ళే చూసీ చూడనట్టు తప్పుకునేవాళ్ళు, 1961లో 61 ఏళ్ళకి పోయాడు. అంటే ఆ పద్ధతి పైన ఉన్నవాణ్ణి కూడా కాపాడలేదు.

ఇక వాలీ హామండ్ సంగతి. గ్లౌసెస్టర్‌షైర్ ప్రొఫెషనల్, ఆ రోజుల్లో ఇంగ్లాండ్‌లో అంత గొప్ప బ్యాట్స్‌మన్ లేడు, అయినా కెప్టెన్సీ ఇవ్వలేదు. 1937 చివర్లో టైర్ల కంపెనీలో ఉద్యోగం దొరికింది, ఇకమీదట అమెచ్యూర్‌గా ఆడతానన్నాడు, 1938లో ఇంగ్లాండ్ కెప్టెన్ అయిపోయాడు! అదే మనిషి, అదే బ్యాటు, మారింది జీతం ఎవరిస్తారన్నది ఒక్కటే. ప్రొఫెషనల్‌గా ఉంటూనే కెప్టెన్ కావడానికి 1952లో లెన్ హట్టన్ దాకా ఆగాల్సి వచ్చింది, ఆ అమెచ్యూర్, ప్రొఫెషనల్ అన్న తేడా పూర్తిగా తీసేసింది 1962 చివర్లో.

ఇదంతా ఎక్కడో ఇంగ్లాండ్ గొడవ, మనకెందుకు అంటారేమో. మన తెలుగు కుటుంబంలో పుట్టిన సీకే నాయుడు గారు 1932లో లార్డ్స్‌లో ఇండియా మొదటి టెస్టుకి కెప్టెన్, ఎదురుగా ఇంగ్లాండ్ కెప్టెన్ సర్రే అమెచ్యూర్ జార్డీన్. ఆ టూర్‌కి కూడా అసలు కెప్టెన్ పోర్‌బందర్ మహారాజా, ఆయన తప్పుకున్నారు కాబట్టి నాయుడు గారికి ఆ అవకాశం వచ్చింది. నాలుగేళ్ళ తర్వాత 1936లో అదే నాయుడు గారు మన విజయనగరం మహారాజ్‌కుమార్ కెప్టెన్సీలో ఆడాల్సి వచ్చింది, ఆ మూడు టెస్టుల్లో కెప్టెన్ గారు చేసినవి మొత్తం 33 పరుగులు. హోదా చూసి కెప్టెన్సీ ఇచ్చే ఆ జబ్బు మనకీ అంటుకుంది, మన వాళ్ళకే తగిలింది.

ఇంకో మాట, ఇది మా ఇంట్లో జరిగింది. మా అబ్బాయి లీగ్ మ్యాచ్‌లు ఆడతాడు. కిందటేడు ఒక టోర్నమెంటుకి వేరే ఊరు వెళ్ళాలి, జట్టులో ఇద్దరు పిల్లలు బస్సు ఛార్జీలు ఇప్పించమని అడిగారు. ఒకడి నాన్న ఆటో నడుపుతాడు, ఇంకొకడికి అమ్మ ఒక్కతే, టైలరింగ్ చేస్తుంది. నిర్వాహకుల్లో ఒకాయన అందరి ముందూ, డబ్బులు అడిగేవాడికి ఆట మీద ప్రేమ ఎక్కడుంటుంది అనేశాడు. ఆ ఆటో ఆయన కొడుకు కిట్ బ్యాగ్ జిప్పు లాగుతూ తల దించుకునే ఉన్నాడు, ఏమీ మాట్లాడలేదు, మర్నాడు బస్సు దగ్గరికి రాలేదు. మా జట్టులో కొత్త బంతితో వేసేది వాడే. మీ వ్యాసంలో ఆ వాక్యం చదవగానే నాకు వాడే గుర్తొచ్చాడు.

అందుకని ఎడిటర్ గారూ, పాత అమెచ్యూర్ల గురించి తప్పకుండా రాయండి, చాప్‌మన్ గురించి రాయండి, పిల్లలు చదవాలి. రాసేటప్పుడు పక్కన రోడ్స్ గురించి కూడా రాయండి, ఇద్దరి ఇనీషియల్స్ ఎందుకు వేరేగా వేశారో చెప్పండి. అలాగే జిల్లా మ్యాచ్‌లకి వెళ్ళే పిల్లలకి ఛార్జీలూ భోజనం ఎవరు పెడుతున్నారో మీ రిపోర్టర్లని పంపించి ఒక్కసారి కనుక్కోండి.

ఇట్లు,
మీ పాఠకుడు,
కాకినాడ